ఆ చెప్పులు మేం కుట్టినవే

మా స్టాఫ్‌రూమ్ గోడకు గాంధీ, నెహ్రూ, సర్వేపల్లి రాధాకృష్ణన్ ఫొటోలున్నాయి. అంబేద్కర్ ఫొటో నేను కొనుక్కొచ్చి తగిలించేదాకా లేదు. 2022లో ఒకరోజు మధ్యాహ్నం ఆ ఫొటోల కిందనే మీటింగు పెట్టారు. తొమ్మిదో తరగతి పిల్ల ఒకతి ఊరి పరువూ బడి పరువూ తీసిందట. టీసీ ఇచ్చి పంపాలట. లెక్కల సారు నిట్టూర్చి సామెత చెప్పాడు. “ఆకు వచ్చి ముల్లు మీద పడ్డా, ముల్లు వచ్చి ఆకు మీద పడ్డా ఆకుకే చేటు.” అందరూ తలలూపారు. మేడములు కూడా ఊపారు.

నేను తెలుగు టీచర్ని. ఆ బడిలో సామెతల పాఠం చెప్పేది నేను. “సరే సార్, ఆకు ఎవరో తెలిసింది. ముల్లు ఏ సెక్షన్?” అని అడిగిన.

ఒక్కరూ మాట్లాడలేదు. ముల్లు పదో తరగతి బి సెక్షన్. కబడ్డీ టీం కెప్టెన్. ముల్లుకు టీసీ ఇవ్వాలన్న ఆలోచన ఆ గదిలో ఎవరికీ రాలేదు. ముల్లు గుణమే గుచ్చడం, దాన్ని ఏమంటాం? సామెతలో ఉన్న మోసం అదే. ఆకును ముల్లు మీదికి నెట్టిన గాలి మాట అందులో లేదు. ముల్లును పెంచిన చెట్టు మాట లేదు.

ఆ పిల్ల సంగతి చెప్తాను. ముందు మా పెద్దమ్మ సంగతి చెప్పాలె. అది తెలియకుండా నా కోపం మీకు అర్థం కాదు, ఉత్త నోటి దురుసు అనుకుంటారు. మా స్టాఫ్‌రూమ్‌లో అట్లనే అనుకుంటున్నారు.

మాది పాలమూరు జిల్లా, కృష్ణ ఒడ్డుకు దగ్గరి ఊరు. మాదిగ గేరి. మా అమ్మకు అక్క మా పెద్దమ్మ. ఏడెనిమిదేండ్లప్పుడు ఆమెకు ఒళ్ళంతా అమ్మోరు పోసిందట. బతికితే దేవర పేరున విడుస్తమని తాత మొక్కుకున్నాడు. మొక్కుకున్నది తాత, మొక్కుకొమ్మని నోటికి అందించింది ఊరి పెద్దలు. పట్నం వేసి, పోతరాజు పేరు మీద ఆమె మెడలో పుస్తె కట్టారు. పోతరాజుకు కులం పట్టింపు ఎంత గట్టిగా ఉందో చూడండి, ఇన్ని తరాల్లో ఒక్క బాపనోళ్ళ పిల్లను గానీ ఒక్క రెడ్ల పిల్లను గానీ ఆయన అడగలేదు. మాల మాదిగ గేరీల్లోనే ఆయనకు పెండ్లి కూతుండ్లు దొరుకుతారు. మా దిక్కు జోగిని అంటారు. అనంతపురం, కర్నూలు వైపు బసివి అంటారు. చిత్తూరు వైపు మాతమ్మ అంటారు. పేర్లు వేరు, గేరి ఒక్కటే.

పెద్దమ్మ పెద్దమనిషి అయినంక మొదట ఎవరు రావాలె అన్నది కూడా ఊరే తేల్చింది. పటేలు వచ్చాడు. ఆయన తర్వాత ఎవరెవరు వచ్చారో నేను రాయను. పెద్దమ్మ రాయొద్దన్నది. “వాండ్ల పిల్లలు నీ బళ్ళ సదువుకుంటున్నరు, పొరగాండ్ల మొకాలు చిన్నబోతయి” అన్నది. చెప్పుల దండ మోసిన మనిషి, దండ వేసినవాళ్ళ మనుమలు నొచ్చుకుంటారని ఆలోచించింది. ఊరి పరువు కాపాడుతున్నది ఎవరో మీరే చెప్పండి.

ఆ ఇరవై యేండ్లూ ఆమెను ఎవ్వరూ చెడిందనలేదు. ఇది మీరు మనసు పెట్టి వినాలె. జాతరలో ఆమె ఆడకపోతే దేవర లేవదు. పెద్ద కులపోళ్ళ ఇంట్లో పీనుగు లేస్తే ముందర ఆమె ఆడాలె. పటేలు పెండ్లాం పండుగకు ఆమెను వాకిట్లో నిలబెట్టి పసుపు కుంకుమ, పాత చీర ఇచ్చేది. ఎన్నటికీ ముండమోయని మనిషి గదా, మంచిదట. పగలు ఆ వాకిట్లో పసుపు, రాత్రి ఆ వాకిలి నుంచే పటేలు. ఆమెకు తెలుసు. ఊరికి తెలుసు. అప్పుడు ఊరి పరువు ఎక్కడికీ పోలేదు, ఎక్కడి పరువు అక్కడనే ఉండె.

పెద్దమ్మకు ఒక కొడుకు. నాకంటే ఏడెనిమిదేండ్లు పెద్ద. బడిలో చేర్చిననాడు సారు రిజిస్టరు తీసి “నీ నాయిన పేరేంరా” అని అడిగాడు. అన్నకు తెలియదు. సారుకు తెలుసు. తెలిసే అడిగాడు, క్లాసంతా వినేటట్టు అడిగాడు. ముందు బెంచీలో పటేలు కొడుకు కూచుని నవ్వుతున్నాడు. ఇద్దరి చెవులూ ఒక్క తీరే ఉంటాయి, బయటికి విచ్చుకుని. చివరికి తండ్రి పేరు గడిలో మా తాత పేరు రాశారు. అన్న ఐదో తరగతి దాటలేదు. నేను టీచరైనంక అడ్మిషన్ రిజిస్టరు ముందు కూచున్న ప్రతి జూన్‌లో ఆ గడి నాకు కనపడుతుంది. పిల్లలను పక్కకు పిలిచి, తల్లిని కూచోబెట్టి, మెల్లగా అడుగుతాను. పెండ్లి కాని తల్లి తండ్రి పేరు చెప్పకుండానే బిడ్డకు గార్డియన్ కావచ్చని సుప్రీంకోర్టు 2015లో తీర్పు చెప్పింది. ఆ సంగతి మా ఆఫీసులో ఇద్దరికి చెప్పిన. “కోర్టు చెప్తది మేడం, కంప్యూటర్ల గడి ఖాళీ పెడితే తీసుకోదు” అన్నారు.

జోగిని, దేవదాసీ చేయడం నేరమని 1988లోనే చట్టం వచ్చింది. నిజామాబాద్ జిల్లాలో హేమలతా లవణం లాంటివాళ్ళు ఊరూరూ తిరిగి ఆ ఆడవాళ్ళను కూడగట్టారు. తొంభైల చివర్లో మా దిక్కు కూడా సంఘాలోళ్ళు వచ్చారు. మీటింగులకు పోయి వచ్చిన పెద్దమ్మ ఒకరోజు గజ్జెలు చూరులో చెక్కింది. ఇంక పీనుగు ముందు ఆడ, జాతరలో ఆడ అన్నది. రాత్రి తలుపు కొట్టినోళ్ళను తిట్టి పంపింది. కూలికి పోయింది. ఊరు గొణిగింది గాని ఊకున్నది. దేవరకు కోపం వస్తదని భయపెట్టి చూసింది. దేవర ఏమీ చేయలేదు.

2001లో ఆమె ఒక మనిషిని ఇంట్లోకి తెచ్చుకున్నది. మాల గేరి మనిషి. పెండ్లాం చచ్చిపోయి, బొంబాయిలో మట్టిపని చేసి తిరిగొచ్చినవాడు. ఇద్దరూ నలభై దాటినవాళ్ళు. పొద్దుగాల కలిసి పనికి పోయేది, సాయంత్రం కలిసి వచ్చేది. ఆమె వండితే అతను నీళ్ళు మోసేది. మూడు నెలలు.

అప్పుడు పోయింది ఊరి పరువు.

రచ్చకట్ట మీద పంచాయితీ కూచుంది. అడిగింది పటేలే. పక్కన మా మాదిగ పెద్దమనుషులు. మాలోణ్ణి ఎట్ల తెచ్చుకుంటది అని మా వాళ్ళ కోపం. ఊరుమ్మడి మనిషి ఒక్కని ఇంట్ల ఎట్ల ఉంటది అని ఊరి కోపం. రెండు కోపాలూ చక్కగా కలిసిపోయాయి. ఐదువేలు తప్పు కట్టమన్నారు. పెద్దమ్మ లేచి నిలబడి అన్న మాట మా ఊళ్ళో ఇప్పటికీ చెప్పుకుంటారు. “ఇన్నొద్దులు మీరొచ్చినప్పుడు పోని పరువు, నేను తెచ్చుకున్నోడొస్తె పోయిందా?”

శిక్ష పడింది ఆ మాటకు. ఆ మనిషిని తెచ్చుకున్నందుకు తప్పు వేశారు. ఆ మాట అన్నందుకు జుట్టు కత్తిరించారు. మెడలో చెప్పుల దండ వేశారు. ఊరంతా తిప్పారు. కత్తెర పటేలు ఇంట్లోనుంచే వచ్చింది. ఆ దండలో చెప్పులు ఎవరివి? మాదిగ గేరిలో చెప్పులు కుట్టేది మా తాత. ఆమెను కన్న తండ్రి. ఆయన కుట్టిన జోళ్ళు ఆయన బిడ్డ మెడకెక్కాయి. ముందర డప్పు కొట్టింది మా నాయిన.

రాసేసిన. ఇరవై ఏండ్లకు పైన నోట్లో పెట్టుకుని తిరిగిన మాట ఇది. నాకప్పుడు పన్నెండేండ్లు. డప్పు వెనక పరుగెత్తిన పిల్లల్లో నేనున్న. ఆ రాత్రి అమ్మ డప్పును పొయ్యిలో పెట్టబోతే నాయిన గుంజుకున్నాడు. “కొట్టకపోతే ఈ ఊర్ల బతకనిస్తరా” అన్నాడు. నిజమే, బతకనివ్వరు. మా నాయిన చెడ్డవాడు కాడు. నన్ను చదివించింది ఆయనే. మా ఇంట్లో మొదటి డిగ్రీ నాది, మొదటి నెల జీతం నాది. 2012 డీఎస్సీలో ఉద్యోగం వచ్చిననాడు ఆయన అదే డప్పు కొడుతూ గేరి అంతా తిరిగాడు. నేను ఇంట్లోనుంచి బయటికి రాలేదు. సిగ్గుపడుతున్నదని అనుకున్నారు. 2015లో ఆయన పోయాడు. చచ్చినోళ్ళ మీద రాయొద్దంటారు. బతికున్నవాళ్ళ కోసం రాస్తున్న.

అతనికి, ఆ మాల మనిషికి, పడిన శిక్ష ఎంతో చెప్పనే లేదు. ఐదువందలు తప్పు, కల్లు ఖర్చు. నెల తిరగకముందే మళ్ళీ బొంబాయి పోయాడు. తిరిగి రాలేదు.

కేసు ఎందుకు పెట్టలేదని విద్యార్థి సంఘం తమ్ముడొకడు నన్ను అడిగాడు. పటేలు మీద 1989 అట్రాసిటీ చట్టం కింద పెట్టొచ్చు. సాక్షి ఎవరు? డప్పు కొట్టినవాడా, దండలో చెప్పులు తనవని గుర్తుపట్టిన ముసలాయనా? ఆ చట్టం మనవాళ్ళ మీద పని చేయదు. 1988 చట్టంలో అంకితం చేసినవాళ్ళకు, దగ్గరుండి జరిపించినవాళ్ళకు శిక్ష ఉంది. రాత్రులు వచ్చినవానికి అందులో ఒక్క సెక్షను కేటాయించలేదు. అదే చట్టం జోగిని చేసుకున్న పెండ్లి చెల్లుతుందని కూడా అంటుంది. ఆ కాయితం రచ్చకట్ట దాకా రాలేదు.

ఇప్పుడు మన అన్నలతో మాట్లాడాలె. 1994 దండోరా తర్వాత డప్పు మనకు ఆత్మగౌరవం అయింది. నేనూ కాలేజీ రోజుల్లో ఆ డప్పు వెంట నడిచిన, కాళ్ళు బొబ్బలెక్కేటట్టు నడిచిన. డప్పు మీద మీరు రాసిన కవితలు మా పిల్లలతో చదివించిన. 2001లో మా గేరిలో మోగిన డప్పును ఏ కవితలో పెడదాం చెప్పండి. ఇంటి సంగతి బయటేస్తే శత్రువు చేతికి కర్ర ఇచ్చినట్టని అంటారు. కర్ర వాని చేతిలో ఎప్పుడూ ఉంది అన్నా. ఆ రోజు మన చేతికి కూడా ఇచ్చాడు, మనం తీసుకున్నాం. అది మాత్రం ఒప్పుకోండి.

అక్కలతో కూడా ఒక మాట. ఈ ఒళ్ళు నాది అన్న మాటను మీరు 1980ల్లో కవిత్వంలోకి తెచ్చారు, మంచి పని చేశారు. మా పెద్దమ్మ ఆ మాటను రచ్చకట్ట మీద అన్నది. మీ మాటకు పుస్తకావిష్కరణ జరిగింది. ఆమె మాటకు కత్తెర వచ్చింది, ఒక ఆడమనిషి ఇంట్లోనుంచే వచ్చింది. పటేలమ్మకు తన కష్టం తనకు ఉండొచ్చు. మొగణ్ణి ఏమీ అనలేని మనిషి కత్తెర ఇచ్చి కడుపు చల్లార్చుకున్నదేమో. కానీ ఆడవాళ్ళందరికీ ఒకటే కష్టం అని నాకు చెప్పకండి.

బాబాసాహెబ్ మీద కూడా ఒక రాత్రి నాకు కోపం వచ్చింది. 1936 జూన్ 16న బొంబాయి దామోదర్ హాలులో ఆయన దేవదాసీలు, జోగినులు, కామాటిపురలో ఉండే ఆడవాళ్ళ ముందు మాట్లాడాడు. చాలా కఠినంగా మాట్లాడాడు. జాతికి మచ్చ తెస్తున్నారు, ఆ బతుకు వదలండి, పెండ్లి చేసుకుని అందరి తీరు కాపురం చేయండి, అప్పుడే మాతో రండి అన్న అర్థంలో. చదివి పుస్తకం మూసేసిన. మచ్చ వాళ్ళెట్లయితరు బాబా, ఆ బతుకు వాళ్ళు కోరుకున్నదా అని ఆయన ఫొటోను అడిగిన. మల్ల ఆలోచిస్తే నవ్వు, ఏడుపు కలిసి వచ్చాయి. 65 ఏండ్ల తర్వాత మా పెద్దమ్మ ఆయన చెప్పిందే చేసింది. గజ్జెలు విప్పింది, ఒక్క మనిషితో కాపురం పెట్టింది. సరిగ్గా దానికే చెప్పుల దండ పడింది. ఆయన ఆడవాళ్ళకు చెప్పిన పాఠాన్ని వాళ్ళు విన్నారు. మగవాళ్ళకు ఆ పాఠం ఎవరు చెప్పాలె?

ఇదంతా చదువులేని పల్లెటూరి మూఢత్వం అంటారు కొందరు. చదువుకున్నోళ్ళ కచేరీలకు పోదాం రండి. 1978లో హైదరాబాదు నల్లకుంట పోలీసుస్టేషనులో రమీజాబీని చెరిచారు, రిక్షా తొక్కే ఆమె భర్త అహ్మద్ హుసేన్‌ను కొట్టి చంపారు. జనం రోడ్ల మీదికొస్తే జస్టిస్ ముక్తదర్ కమిషన్ వేశారు. కమిషన్ ముందు పోలీసుల తరపు వాదనంతా ఒక్కటే, ఆమె అట్లాంటి ఆడది అని. కమిషన్ ఆ మాట నమ్మలేదు, పోలీసులదే తప్పన్నది. కేసు రాయచూరు కోర్టుకు మారింది. 1981లో అందరూ విడుదలయ్యారు. రాయచూరు మాకు కృష్ణ దాటితే వస్తుంది. మా పెద్దమ్మ అక్కడికి మిరపకాయ ఏరడానికి కూలికి పోయేది.

మథుర అనే ఆదివాసీ పిల్లను 1972లో మహారాష్ట్రలో పోలీసుస్టేషనులోనే చెరిచారు. 1978లో సుప్రీంకోర్టు ఆ పోలీసులను వదిలేసింది. ఒంటి మీద దెబ్బలు లేవు, ఆమెకు అంతకుముందే అలవాటు ఉంది అన్నారు. 1979లో నలుగురు న్యాయశాస్త్రం పాఠాలు చెప్పే మాస్టర్లు ప్రధాన న్యాయమూర్తికి బహిరంగ లేఖ రాశారు. మాస్టర్లు తలుచుకుంటే ఏమైనా చేయగలరని అప్పుడప్పుడు మా స్టాఫ్‌రూమ్‌లో గుర్తుచేస్తుంటాను. 1983లో చట్టం కొంత మారింది. అయినా చెరచబడ్డ మనిషి నడత మంచిది కాదని కోర్టులో నిరూపించి ఆమె సాక్ష్యాన్ని కొట్టేయొచ్చు అన్న నిబంధన సాక్ష్య చట్టంలో 2003 దాకా ఉంది. రెండు వేళ్ళతో చేసే పరీక్ష ఎవరు చేసినా దుష్ప్రవర్తన కింద లెక్క అని సుప్రీంకోర్టు 2022 అక్టోబరు 31న చెప్పవలసి వచ్చింది. 2006లో ఖైర్లాంజీలో సురేఖా భోత్‌మాంగేను, ఆమె బిడ్డను, ఇద్దరు కొడుకులను చంపినప్పుడు ఊరు మొదట పుట్టించిన పుకారు ఏమిటి? ఆమెకు ఎవరితోనో సంబంధం ఉందని. మా ఆడవాళ్ళ ప్రాణం తీసేముందు పేరు తీస్తారు. పేరు పోయిన మనిషి ప్రాణానికి లెక్కలు అడిగేవాళ్ళు తక్కువ.

మా భాష కూడా తక్కువ తినలేదు. బాలవ్యాకరణం లెక్కన మగవాడు మహత్తు. ఒక్క ఆడమనిషి అయితే అమహత్తు, గొడ్డూ గోదా రాయీ రప్పతో కలిపి. వాడు వచ్చాడు. ఆమె వచ్చింది. బర్రె వచ్చింది. పాఠం చెప్తుంటే మగపిల్లలు నవ్వుతారు, ఆడపిల్లలు తలొంచుకుంటారు. ఇంక తిట్లు చూడండి. లంజ అన్న మాటకు మగవాళ్ళలో జంట లేదు. మిండడు ఉన్నాడు కదా అంటారేమో, ఆ మాట కూడా ఆమెను తిట్టేటప్పుడే బయటికి తీస్తారు. మగవాణ్ణి తిట్టాలన్నా వాని తల్లిని తిడతారు. తిరగక మగాడు చెడె, తిరిగి ఆడది చెడె అని ఇంకో సామెత. రాత్రి తిరిగే మగాళ్ళందరూ ఎవరి ఇండ్లకు తిరుగుతున్నారో సామెత కట్టినోడు చెప్పలేదు.

మా బడి పిల్ల దగ్గరికి వస్తాను. జరిగింది ఏమిటంటే, గుట్ట మీద ఇద్దరూ కూచుని ఉన్న ఫొటో ఒకటి. ఆమె తల వాని భుజం మీద ఉంది. అంతే. ఆ ఫొటో ఫోన్లల్లో ఊరంతా తిరిగింది. పంపినవాళ్ళల్లో పిల్లలకంటే పెద్దమనుషులే ఎక్కువ. “సూడుండ్రి మన పిల్లల తెలివి” అని కింద రాసి మరీ పంపారు. రచ్చకట్ట ఎక్కాల్సిన పని లేదు ఇప్పుడు, మంచంలో పండుకునే దండ వేయొచ్చు.

ఆ పిల్ల చాకలోళ్ళ పిల్ల. పిలగాడు మా మాదిగోడే. ఇది కూడా చెప్పకుండా దాటేయొచ్చు, దాటను. మీటింగు ముందురోజు రాత్రి గేరి నుంచి ఇద్దరు పెద్దమనుషులు నా ఇంటికి వచ్చారు. “మేడం, మనోడు. పోలీసు కేసయితే పోక్సో అంటరు, బతుకు ఖరాబయితది” అన్నారు. వాళ్ళ భయం నాకు తెలుసు. పెద్ద కులం పిలగాడైతే కేసు దాకా రాదు, మన పిలగాడైతే ముందే బేడీలు వస్తాయి. వానికి పదహారేండ్లు. వాణ్ణి జైల్లో పెట్టాలని నేను అనలేదు. ఫొటో తిప్పిన పెద్దమనుషుల పేర్లు చెప్పండి, వాళ్ళ సంగతి చూద్దామన్న. చాయ్ తాగకుండానే లేచి పోయారు.

హెడ్‌మాస్టరు తెలివైనవాడు. విద్యాహక్కు చట్టం ఎనిమిదో తరగతి దాకనే పిల్లను బడిలోనుంచి తీసేయకుండా కాపాడుతుంది, ఈమె తొమ్మిది. తండ్రిని పిలిపించి, ఆయనతోనే టీసీ కావాలని దరఖాస్తు రాయించాడు. రాసి ఇవ్వాల్సింది క్లాస్ టీచర్ని, నేను. టీసీలో ప్రవర్తన అని ఒక గడి ఉంటుంది. అందులో “సంతృప్తికరం” అని రాస్తాను, పిలగాని టీసీ కూడా తెప్పించండి, దాని మీదా అదే రాస్తాను, ఇద్దరివీ కలిపి సంతకం పెట్టండి అన్న. పిలగాడు జిల్లా పోటీలకు ఆడాల్సినవాడు. ఫైలు మూసేశారు.

గెలిచిన అనుకున్న. రెండు రోజులకు మగపిల్లల మూత్రశాల గోడ మీద బొగ్గుతో నా పేరు, పక్కన స్కూటర్ మీద నన్ను ఒకసారి బస్టాండు దాకా దింపిన డ్రిల్లు సారు పేరు. ఆయన పేరు చూసి స్టాఫ్ నవ్వారు, భుజం మీద చరిచారు. నా పేరు చూసి “కొంచెం జాగ్రత్తగా ఉండాలమ్మా” అన్నారు. ఒక మేడం ఇంకో మేడంతో “జోగినోళ్ళ ఇంటి మనిషి గదా” అనడం నా చెవులారా విన్న. ఎట్ల తెలిసిందో! పరీక్ష రాసి, మెరిట్‌లో వచ్చి, పదేండ్లు పాఠం చెప్పినంక కూడా పెద్దమ్మ మెడలో దండ నా మెడలో కనపడుతుంది వాళ్ళకు. గోడ నేనే కడిగిన. కడిగేటప్పుడు గంట కొట్టించి పిల్లలందరినీ పిలిచిన, చూడండని.

ఆ పిల్ల మాత్రం బడికి రావడం మానేసింది. సంబంధాలు చూస్తున్నారని తెలిసి మూడుసార్లు ఇంటికి పోయిన. మొదటిసారి తల్లి తలుపు తీయలేదు. రెండోసారి తండ్రి ఇస్త్రీ పెట్టె దించకుండానే మాట్లాడాడు. మూడోసారి పెద్దమ్మను వెంట తీసుకుపోయిన. ఆమె ఆ తల్లితో ఏం మాట్లాడిందో నేను వినలేదు, వాకిట్లో నిలబడ్డ. గంట తర్వాత ఆ పిల్ల సంచి సర్దుకుని బయటికి వచ్చింది. వేరే మండలంలో కస్తూరిబా బాలికల విద్యాలయంలో చేర్పించాం. 2024 మార్చిలో పదో తరగతి పరీక్ష రాసింది, పాసయింది.

ఫలితాలు వచ్చిననాడు పెద్దమ్మకు ఫోన్ చేసిన. ఇప్పుడు ఆమె జుట్టు నడుము దాకా ఉంటుంది, అంతా తెల్లగా. అప్పటినుంచి ఒక్కసారి కూడా కత్తిరించుకోలేదు. పిల్ల పాసయిందంటే సంతోషపడింది. కాసేపు ఊకుండి అడిగింది.

“ఆ పిలగాన్నేమన్నరే?”

“ఏమనలె పెద్దమ్మా. కప్పు గెలిచిండు. బడిల ఫొటో పెట్టినరు.”

“మన డప్పు కొట్టిండ్రా?”

కొట్టారు.